వంటింట్లో మళ్ళీ ఎండుమిర్చి

బాపూ,

నీ సంవత్సరీకం అయిన మర్నాడు మన వంటింట్లో మళ్ళీ ఎండుమిర్చి వేగింది. మరమగ్గాల షెడ్డు నుంచి నువ్వు దగ్గుతో ఇంటికొచ్చిన నాటి నుంచి అమ్మ మిర్చిని నూనెలో వేయనివ్వలేదు కదా. నువ్వు పోయాక కూడా వేయనివ్వలేదు. చప్పటి కూరలతో విసిగిపోయిన చెల్లె స్రవంతి, ఎండుమిర్చి, వెల్లుల్లి, సోయాసాస్ వేసి కారంకారంగా పాస్తా చేయమని నా వెంటపడింది.

"అమ్మ లొల్లి పెడ్తదే," అన్నాను.

"ఏడాదైంది గదక్కా. జర ధైర్యం చెయ్యి."

పాస్తా ఉడికించి వార్చాను. నూనె కాగింది. తుంచిన మిర్చి గుప్పిట్లో పట్టుకుని చాలాసేపు నిలబడ్డాను. అమ్మ వాకిట్లో బట్టలు పిండుతోంది. చివరికి వేసేశాను.

ఘాటు ఇల్లంతా కమ్ముకుంది. అమ్మ ఉరికొచ్చింది. తిడుతుందనుకున్నాను. నా వైపు చూడనే లేదు. నువ్వు పడుకునే గది తలుపు మూసి, గొళ్ళెం పెట్టి, కింది సందులో తడిబట్ట కుక్కింది.

"మీ బాపుకు దగ్గొస్తది, బంద్ జెయ్యి!" అని అరిచింది.

స్టవ్ ఆపేశాను. ముగ్గురం ఊపిరి బిగబట్టి ఆ తలుపునే చూస్తూ నిలబడ్డాం. లోపల్నుంచి ఏ చప్పుడూ రాలేదు.

అమ్మ మెల్లగా వంగి తడిబట్ట తీసింది. చేతిలో నలుపుతూ వంటింట్లోకి వచ్చి మూకుడులోకి చూసింది.

"మిర్చి ఇంక ఏగలే. పొయ్యి ముట్టియ్యి," అంది.

గొళ్ళెం మాత్రం తీయలేదు. మేమూ తీయమనలేదు.