దమన్‌హూర్ మందుచీటీ

అలెగ్జాండ్రియా, 1989 మార్చి 4

ప్రియమైన అమ్మకు,

నీ మనవరాలు నెస్మా బాగానే ఉంది, బాగా లేనిది నేనే. ఇవాళ కోర్టులో షుక్రీ తరఫు లాయరు పాతపాటే పాడాడు. నేను ఉద్యోగానికి పోయి ఆరేళ్ల పిల్లను గాలికి వదిలేస్తున్నానట, అందుకని పిల్లను తండ్రికి ఇవ్వాలట. అంతవరకు పరవాలేదు. చివర్లో జడ్జి ఫైలులోంచి ఒక చీటీ తీసి, "అమ్మా, నీకు మూర్ఛలు వస్తాయా?" అని అడిగాడు. నా మందుచీటీ! మీ దమన్‌హూర్ డాక్టరు ముద్రతో సహా! పోస్టులో వచ్చిందట, పంపినవాళ్ల పేరు లేదట. ఇక ప్రభుత్వ డాక్టరు నన్ను పరీక్షిస్తాడు.

కట్టుకున్నవాడికే తెలియనివ్వని జబ్బు కదా! నువ్వు ఫిటీర్ రొట్టెల మూటలో దాచి పంపే బిళ్లలను చూసింది పైవాటా ఉమ్మ్ సబ్రీ ఒక్కతే. "తలనొప్పి మాత్రలా అమ్మాయ్?" అని సాగదీసింది. ఇవాళ మెట్ల మీద ఆవిడ పలకరిస్తే మొహం తిప్పుకున్నాను. చీటీ నీ బీరువాలో ఉందో లేదో చూసి రాయి.

నీ రావియా

దమన్‌హూర్, మార్చి 11

నా బంగారు తల్లికి,

ఊరికే ఉమ్మ్ సబ్రీని ఆడిపోసుకోకు, పాపం తగులుతుంది. ఎవరు పంపితేనేం? డాక్టరు అడిగితే ఉన్నదున్నట్టు చెప్పు. పిల్లను పొయ్యి దగ్గరికి రానివ్వకు. దాని బట్టలు ఒక సంచిలో సర్ది ఉంచు.

ఎప్పుడూ నీ మేలు కోరే అమ్మ

అలెగ్జాండ్రియా, మార్చి 19

అమ్మకు,

చీటీ సంగతి అడిగితే నీతులు రాశావు. ఆ చేతిరాత కూడా నీది కాదు. ఎవరు రాయిస్తున్నారు నీ చేత?

ఉమ్మ్ సబ్రీ కొడుకు మీద ఒట్టేసింది. పైగా ఆవిడకు చదువే రాదు. షుక్రీ కూడా కాదు. కోర్టు వరండాలో పాలిపోయిన మొహంతో వచ్చి, "నిజమేనా రావియా? నాకెందుకు చెప్పలేదు?" అన్నాడు. ఇక మిగిలిందెవరు? పిల్ల బట్టలు సర్దమన్నావు, ఎక్కడికి పంపడానికి? కంచే చేను మేసిందా అమ్మా?

రావియా

దమన్‌హూర్, మార్చి 27

రావియా తల్లీ,

మేసింది కంచే. చీటీ పంపింది నేనే.

పండక్కి నీ దగ్గరికి వచ్చినప్పుడు వంటింట్లో పడిపోయావు. పిల్ల ఏడవలేదే! ముందు కిరసనాయిలు పొయ్యి ఆర్పింది, తరవాత నీ తలకింద దిండు పెట్టింది. "ఎవరికీ చెప్పకు అమ్మమ్మా, నాన్న నన్ను తీసుకుపోతాడు" అంది. ఆరేళ్లకే ఆ పని దానికి అలవాటైపోయింది. నీకు చెబితే వింటావా?

కోర్టు ముందు అర్జీలు రాసే హాజీ, హగ్ మితవల్లీ చెప్పాడు: తల్లి వల్ల కాకపోతే పిల్ల అమ్మమ్మకు, ఆ తరవాతే నాయనమ్మకు. నా పేర అర్జీ పెట్టాను. ఈ ఉత్తరాలు రాసేదీ, నీవి చదివి వినిపించేదీ ఆయనే. నా రెండు కళ్లకూ శుక్లాలు ముదిరి అక్షరం కనబడటం లేదు. జడ్జికి తెలిస్తే నెస్మా షుక్రీ తల్లి చేతిలో పడుతుంది. ఇప్పుడు నా జుట్టు నీ చేతిలో ఉంది. చెబుతావో, దాస్తావో!

వేలిముద్ర, మీ అమ్మ వగీదా

అలెగ్జాండ్రియా, ఏప్రిల్ 12

అమ్మా,

ప్రియమైన అని రాయడానికి చెయ్యి రాలేదు. హగ్ గారూ, ఇది గొంతు తగ్గించి చదవండి, చుట్టూ జనం ఉంటారు.

ప్రభుత్వ డాక్టరు నా జబ్బు నిజమేనని రాసిచ్చాడు. ఇవాళ జడ్జి అడిగాడు: "మీ అమ్మకు అరవై రెండట. చూపూ ఓపికా ఉన్నాయా?" నాకు కోపం నషాళానికంటి ఉంది. ఒక్క మాటంటే నీకు తగిన శాస్తి అయ్యేది. షుక్రీ నా నోటివంకే చూస్తున్నాడు.

"ఉన్నాయండీ. సూదిలో దారం తనే ఎక్కించుకుంటుంది" అన్నాను. ఖురాన్ మీద ప్రమాణం చేసి మరీ అబద్ధమాడాను.

నెస్మాను నీకిచ్చారు. నన్ను మాత్రం నీ ఇంటికి రావద్దని ఎవరూ అనలేదు. ఉద్యోగం మానేశాను. శనివారం పొద్దుటి రైలుకు ఇద్దరం వస్తున్నాం. నీ ఓపికా నా చూపూ కలిపితే, కోర్టుకు కావలసిన తల్లి ఒకతె తయారవుతుంది.

నిన్ను ఇంకా క్షమించలేదు. కళ్ల డాక్టరు దగ్గరికి మాత్రం ఆదివారమే తీసుకువెళతాను.

నీ కూతురు రావియా