ముసిల్ది వస్తాంది

జనవరి 9
మోకాళ్ళు రెండూ వాచాయి. సాఫ్ట్‌బాల్‌లో క్యాచర్ అంటే ఆటంతా గొంతుక్కూర్చోవడమే... మల్లిక బంతి వేస్తుంది, నేను బ్యాటర్ వెనక కూర్చుని పట్టుకుంటాను. కాలేజీలో చేరినప్పటి నుంచీ ఇదే కాపురం మాది. టీములో తెలుగు మాట్లాడేది మేమిద్దరమే, మిగతావాళ్ళంతా తమిళమే. కోచ్ సారు వేళ్ళతో సైగ చెయ్యమంటాడు. మాకెందుకు సైగలు — నోటితోనే అరుస్తాను. "దించు!" అంటే కిందికి పడే బంతి. "లేపు!" అంటే పైకి లేచేది. బ్యాట్ పట్టుకున్న పిల్లకి ఒక్క ముక్క అర్థం కాదు.

నెమ్మది బంతికి మాత్రం మాట కుదరలేదు. "మెల్లిగా" అంటే తమిళంలోనూ ఇంచుమించు అదే. చివరికి మల్లికే తేల్చింది — "ముసిల్ది వస్తాంది అను. దానికంటే మెల్లిగా ఎవురొస్తారే?"

జనవరి 21
సెమీస్ గెలిచాం. బస్సులో మల్లిక నా భుజం మీద నిద్రపోయింది. గాంధీపురం బస్టాండు వచ్చేదాకా నేను కదల్లేదు.

ఫిబ్రవరి 2, మధురై
ఛాంపియన్లం!! రాత వంకర పోతోంది.
చివరి ఇన్నింగ్స్. మాది ఒక్క పరుగే ఎక్కువ. రెండు అవుట్లు అయ్యాయి, మూడో బేసులో వాళ్ళ మనిషి కాచుకుని ఉంది. బ్యాట్ దగ్గర పొడుగు పిల్ల — వేగంగా ఏది వేసినా చితక్కొట్టేస్తోంది. రెండు స్ట్రైకులు పడ్డాయి, ఇంకొక్కటి తప్పితే మూడో అవుట్, ఆట మాదే. అరిచాను — "ముసిల్ది వస్తాందే!"
మల్లిక నవ్వాపుకుంటూనే చెయ్యి తిప్పింది. పొడుగు పిల్ల ముందే ఊపేసింది. బంతి తర్వాత తీరుబడిగా వచ్చి నా గ్లవ్‌లో కూర్చుంది, సంతకు పోయొచ్చినట్టు.
మల్లిక పరిగెత్తుకొచ్చి మాస్కుతో సహా నన్ను ఎత్తేసింది.

ఫిబ్రవరి 4
అమ్మకు చెప్పాను, ఆదివారం మల్లికను మన ఇంటికి, మేట్టుపాళయం తీసుకొస్తానని. "ఎవురు పాప అది?" "మన తెలుగు పిల్లేమ్మా." "మనవాండ్లేనా! సరి సరి, తీసుకురా." అవ్వ అప్పుడే బొబ్బట్లకు పప్పు నానెయ్యమంటోంది.

ఫిబ్రవరి 8
రాయాలని లేదు... రాస్తాను.
అవ్వకు మల్లిక మాట ఎంత నచ్చిందో. "చూడు, ఈ పిల్ల ఎంత బాగా మాట్లాడతాదో. మన ఇంటి పిల్లకాయలకు నోరు తెరిస్తే అరవమే." అమ్మ వెండి టంబ్లరు తీసింది.
అప్పుడు అవ్వ అడిగింది — "ఇంటిపేరు ఏమి కన్నూ?"
మా ఏ సర్టిఫికెట్లోనూ ఇంటిపేరు ఉండదు. ఇనిషియలే. కానీ పెద్దవాళ్ళు ముందడిగేది అదే. మల్లిక తడుముకోకుండా చెప్పింది. ఆ పేరుతో అవ్వకు ఏమీ తేలలేదు. "నాయన ఏం పని?"
"కార్పొరేషన్లో అవ్వా. వీధులు ఊడ్చే పని."
అవ్వ నవ్వు పోలేదు. టంబ్లరు లోపలికి పోయింది. మల్లికకు కాఫీ పేపర్ కప్పులో వచ్చింది, చిన్నాన్న కూతురి పెళ్ళిలో మిగిలినది. మాకు మాత్రం ఎప్పటి టంబ్లర్లే.
చివరి చుక్కదాకా తాగింది. "కాఫీ బాగుండాది ఆంటీ." కప్పు మడిచి కిట్ బ్యాగులో పెట్టుకుంది. మా ఇంట్లో చెత్తబుట్ట లేనట్టు.
గేటు దగ్గర — "పోతా నిత్యా."
పోయొస్తా అనలేదు. పోతా అంది.

ఫిబ్రవరి 9
అమ్మతో గొడవ. "నేనేమన్నా అంటినా ఆ పిల్లను?" అనలేదు. మా ఇంట్లో అనరు. అదే మా గొప్ప.

మార్చి 3
ప్రాక్టీసుకు వచ్చింది. "దించు" అన్నాను, దించింది. "లేపు" అన్నాను, లేపింది. ఒక్క తప్పు లేదు. నీళ్ళు తాగేటప్పుడు తెలుగులో పలకరించాను. బదులు తమిళంలో వచ్చింది.

మే 2
పరీక్షలు అయిపోయాయి. మల్లిక మధురైలో పీటీ టీచర్ కోర్సులో చేరుతోందట. కోచ్ సారు చెబితే తెలిసింది నాకు. కోచ్ సారు చెబితే!

జూలై 19
నేను ఇక్కడే ఎమ్మెస్సీ. కొత్త పిల్ల బంతి వేస్తోంది. బాగానే వేస్తుంది పాపం. అలవాటు చొప్పున అరిచాను — ముసిల్ది వస్తాంది! చెయ్యి ఆపేసి అడిగింది, "ఎన్న అక్కా?"
ఏం లేదన్నాను.

ఆగస్టు 30
మల్లిక కావాలి నాకు. అంతే. ట్రోఫీ ఫోటోలో నా భుజం మీద దాని చెయ్యి ఉంది. ఇంకెవరికీ చెప్పలేక ఇక్కడ రాస్తున్నాను, అదీ అవ్వ నేర్పిన తెలుగు అక్షరాలతో. వేసవి సెలవుల్లో పలక మీద దిద్దించింది. ఆవిడ మీద కోపం ఆవిడ అక్షరాల్లోనే రాయాల్సి వస్తోంది.

డిసెంబర్ 6, మధురై
ఈసారి మల్లిక అవతలి టీము.
బ్యాట్ పట్టుకుని నిలబడ్డాను. రెండు స్ట్రైకులు పడ్డాయి. వాళ్ళ క్యాచర్ వేళ్ళతో ఏదో సైగ చేసింది. మల్లిక కాదన్నట్టు తలూపింది. నన్నే చూస్తూ, గట్టిగా —
"ముసిల్ది వస్తాంది."
అబద్ధం చెప్పలేదు. నిజంగానే మెల్లిగా వచ్చింది. ఎవరైనా కొట్టేస్తారు దాన్ని. నా ఎడమచెయ్యి బ్యాట్ వదిలేసి తెరుచుకుంది, గ్లవ్ వేసుకున్నట్టు. పట్టుకోవాలని! అవుట్.
ఆట అయ్యాక వరసలో చేతులు కలుపుతుంటే — "చెప్పే వేస్తిని గదే. ఎందుకు కొట్టలా?"
తెలుగులో అడిగింది... నోరు తెరిచేలోపు వెనక పిల్ల తోసింది.

డిసెంబర్ 7
"మా ఇంటికి రా" అని ఫోన్లో రాసి కొట్టేశాను. ఏ ముఖంతో పిలవను? "ఆదివారం ఊరికొస్తావట. మీ ఇంటికి వస్తా" అని పంపాను. ఇన్నేళ్ళలో ఆ మాట అనడం ఇదే మొదలు. సూలూరులో వాళ్ళ ఇల్లు ఏ వీధో కూడా తెలియదు నాకు.

డిసెంబర్ 8
బదులొచ్చింది. "మా ఇంట్లో కాఫీ తాగుతావా?"
తాగుతా అని రాశాను. ఆదివారం ఇంట్లో ఉండనని అమ్మకు చెప్పాను.
లోపలి నుంచి అవ్వ — "యాడికి పోతావు పాప?"