కెనెల్మ్ అనే పేరూ, ఒక బొగ్గుల బకెట్టూ

హాడ్‌కోట్, వూస్టర్‌షైర్
3 మార్చి 1994

మేవిస్‌కి,

నువ్వు కులాసా అనే అనుకుని మొదలుపెడుతున్నాను.

నలభై మూడేళ్ల కిందట, నాన్న సమాధి మీద మట్టి తడి ఆరకముందే, నీకు పుట్టబోయే మొదటి మగపిల్లాడికి కెనెల్మ్ అని పేరు పెడతానని నాకు మాటిచ్చావు. ఆ ఆగస్టులో మగపిల్లాడే పుట్టాడు. ట్రెవర్ అని పెట్టావు. అప్పట్నించీ మనిద్దరి మధ్య నడిచినవి క్రిస్మస్ కార్డులు మాత్రమే. నీ కార్డు మీద నీ సంతకం, నా కార్డు మీద నా సంతకం.

ఇప్పుడు ఉన్నట్టుండి రెండు పేజీలు రాశావు. ట్రెవర్ కూతురు జోయన్ జూన్‌లో ప్రసవిస్తుందనీ, మగపిల్లాడని డాక్టర్లు చెప్పారనీ, మన ఇంటి పాత పేరుకి అర్థమేమిటో, అదెక్కడిదో రాయమని ఆ పిల్ల అడిగిందనీ. ముప్ఫై ఏళ్లు జిల్లా లైబ్రరీ నడిపినవాణ్ణి గనక ఉద్యోగధర్మంగా జవాబు ఇస్తున్నాను. చుట్టరికంతో కాదు.

అది రెండు పాత ఇంగ్లీషు మాటల కలయిక. మొదటిదానికి ధైర్యం గలది అని అర్థం, రెండోదానికి హెల్మెట్ అని. ధైర్యమే హెల్మెట్‌గా గలవాడన్నమాట. పన్నెండు వందల ఏళ్ల కిందట ఈ ప్రాంతాన్ని ఏలిన రాజు కొడుకు పేరది. కథ ప్రకారం ఏడేళ్లకే రాజయ్యాడు. సింహాసనం కోసం సొంత అక్క అతన్ని మా వెనక కొండల్లోకి పంపి, ముళ్లచెట్టు కింద తల తీయించింది. పేరులో హెల్మెట్ ఉన్నవాడికి తలే పోయింది. ఒక పావురం ఆ సంగతి రాసిన ఉత్తరాన్ని రోమ్‌కి మోసుకెళ్లి చర్చి బల్ల మీద పడేసిందట. ఉత్తరం ఇంగ్లీషులో ఉండటంతో అక్కడెవరికీ అర్థం కాలేదట. ఇంగ్లీషు ఉత్తరాలకి ఆ లక్షణం అప్పట్నించీ ఉంది.

మన వంశంలో తరానికొక కెనెల్మ్ ఉన్నాడు. మా చర్చి రిజిస్టర్లో 1702 నుంచి చూపిస్తాను. పిల్లలు లేని నాతో ఆ వరస ఆగిపోతుంది. ఆపింది ఎవరో నీకు తెలుసు.

నీ అన్న,
కెనెల్మ్ ఆట్‌వుడ్

తా.క. ఆ అక్క ఏ పాపమూ చెయ్యలేదని ఈమధ్య చరిత్రకారులు అంటున్నారు. వాళ్లకి తోబుట్టువులు ఉండరు కాబోలు.

*

గ్రిమ్స్‌బీ
14 మార్చి

ప్రియమైన అన్నయ్యకి,

నీ ఉత్తరం చూసి కుర్చీలో కూలబడ్డాను. సంతోషంతోనే. నీ దస్తూరీ ఇంకా అంతే ఉంది, కంచె కట్టినట్టు నిటారుగా.

జోయన్ చదివి పేరు చాలా ఆసక్తికరంగా ఉందంది. డారెన్ అంటే దాని మొగుడు, మోటారు సైకిళ్లు బాగు చేస్తాడు. హెల్మెట్ అనగానే వాడికి మహా నచ్చింది. తల పోయిందని చదివాక కాస్త తగ్గింది.

ఇంక ఆ మాట సంగతి. నువ్వు అడిగావు, నేను "ఎంత మంచి ఆలోచన అన్నయ్యా" అన్నాను. మన ఇంట్లో ఆ మాటకి ఔనని అర్థం ఎప్పుడుందో చెప్పు. అమ్మ ఆ మాట అనే కదా చిట్టత్తయ్య అల్లిన టోపీలన్నీ అటక మీద పెట్టింది. ఇన్నేళ్ల తర్వాత దాన్ని తవ్వకు.

మోకాళ్ల నొప్పులు మన ఇంటి ఆస్తి కదా, నూనె రాసుకుంటున్నావా?

నీ చెల్లి,
మేవిస్

తా.క. సిరిల్ పోకాక్ ఇంకా చర్చి గంటలు మోగిస్తున్నాడా? అడిగానని చెప్పు.

*

హాడ్‌కోట్
28 మార్చి

మేవిస్‌కి,

నువ్వూ నీ కుటుంబమూ క్షేమమని తెలిసింది. నేనూ అంతే, అడిగావు గనక.

ఆసక్తికరంగా ఉందని ఆ పిల్ల అన్నదంటే నిశ్చయం అయిపోయినట్టే. చదువుకున్న పిల్లలా ఉంది. నాకు ఆలస్యాలు గిట్టవు. వెంటనే బర్మింగ్‌హామ్‌లో వెండి పనివాడికి బాప్తిస్మపు కప్పు ఒకటి చెయ్యమని రాశాను. దాని మీద పేరు పెద్ద అక్షరాల్లో చెక్కుతాడు. పాదిరి లమ్లీని కూడా కలిశాను. తల పోయిన ఆ పిల్లరాజుని చర్చి పునీతుణ్ణి చేసింది కదా, ఈ ఏడు ఆ కెనెల్మ్ పండుగ, జూలై పదిహేడు, ఆదివారమే వచ్చింది. ఆ మధ్యాహ్నం మన చర్చిలోనే బాప్తిస్మం పెట్టుకోవచ్చన్నాడు. మంచివాడే, ప్రసంగాలు చెప్పనంతసేపూ.

పోకాక్ గురించి అడిగావు. బతికే ఉన్నాడు. గంటల జట్టుకి ఇరవై ఏళ్లుగా వాడే నాయకుడు. వెళ్లి, ఆ రోజు చర్చి గోపురంలోని ఎనిమిది గంటలూ కలిపి పూర్తి వరస మోగించాలని అడిగాను. "ఆ పేరుకి గంటలెందుకు కెన్, బకెట్ చాలదూ?" అన్నాడు. అరవై ఆరేళ్లయింది. ఇంకా వదల్లేదు.

నువ్వు అప్పుడు రెండేళ్లదానివి, నీకు గుర్తుండదు. నాకు తొమ్మిదేళ్లు. నా పేరుకి అర్థం తెలిసిన రోజే, బళ్లో పొయ్యి పక్కనున్న బొగ్గుల బకెట్ ఈ పోకాక్ నా తలకి బోర్లించాడు. ఊడి రాలేదు. ఎవరో చెయ్యి పట్టుకుని మైలు దూరం నడిపించి ఇంటికి చేర్చారు. ఎవరో నాకు కనపడలేదు, బకెట్లో ఉన్నాను గనక. అమ్మ పందికొవ్వు రాసి తీసింది. బడి వదిలేదాకా నా పేరు బకెట్టే.

అలాంటివాడితో మాట్లాడాను, నీ ముని మనవడి కోసం. గుర్తుపెట్టుకో.

నీ అన్న,
కెనెల్మ్

తా.క. నూనె రాసుకుంటున్నాను. ఉపయోగం లేదు.

*

గ్రిమ్స్‌బీ
20 ఏప్రిల్

ప్రియమైన అన్నయ్యకి,

వెండి కప్పా? నువ్వు మరీ మంచివాడివి. అంత శ్రమ పడకు. జోయన్ విని కదిలిపోయింది, ఎక్కడ కూర్చోవాలో తెలియనట్టు వంటింట్లో అటూ ఇటూ తిరిగింది. బాప్తిస్మం మీ దగ్గర అన్నది ఎంత మంచి ఆలోచన. జూలైలో రైళ్లు ఎలా ఉంటాయో, పసివాడు ఎలా ఉంటాడో, చూద్దాం. గంటలు కూడా, ఎంత బాగుంటుందో. కానీ సిరిల్‌ని ఇబ్బంది పెట్టడమెందుకు?

ఇక్కడ గాలి ఎక్కువగా ఉంది. ట్రెవర్ నీకు నమస్కారాలు చెప్పమన్నాడు. నిజంగానే చెప్పమన్నాడు, నేను కల్పించింది కాదు.

నీ చెల్లి,
మేవిస్

తా.క. జాక్ అనే పేరు కూడా పొట్టిగా, నోటికి హాయిగా ఉందని జోయన్ ఒకటి రెండుసార్లు అంది. ఊరికే చెబుతున్నాను.

*

హాడ్‌కోట్
9 మే

మేవిస్‌కి,

నీ ఉత్తరం అందింది. అన్నిటికీ ఒప్పుకున్నందుకు సంతోషం. నీలో ఇంత సద్బుద్ధి ఉందని తెలిస్తే ముందే రాసేవాణ్ణి.

జాక్ సంగతి మర్చిపొమ్మను. వీధిలో నిలబడి జాక్ అని పిలిస్తే ఈ దేశంలో సగం కుక్కలు తిరిగి చూస్తాయి.

ఏర్పాట్లు ఇవి. మిసెస్ టిబ్బిట్స్ నలభై మందికి కీరా ముక్కల శాండ్‌విచ్‌లు చేయిస్తుంది. ఆవిడ కీరాని కాగితమంత పలచగా కోస్తుంది, తిన్నట్టే ఉండదు, అయినా అదే మర్యాద. పాదిరి రిజిస్టర్లో 1702 నాటి పేజీ తెరిచి గాజుపెట్టెలో పెడతానన్నాడు. గంటల జట్టు వారానికి రెండుసార్లు సాధన చేస్తోంది. ఊళ్లో అందరూ నన్ను ఆపి పిల్లవాడి గురించి అడుగుతున్నారు. ఇన్నేళ్లలో నన్నెవరూ ఆపి ఏమీ అడగలేదు, లైబ్రరీకి బాకీపడ్డ పుస్తకాల గురించి తప్ప.

చికాకు ఒక్కటే. పోకాక్ తన ట్రాక్టరుకి ఎండుగడ్డి ట్రాలీ తగిలించి, రిబ్బన్లు కట్టి, మిమ్మల్ని స్టేషన్ నుంచి ఊరేగింపుగా తీసుకొస్తానన్నాడు. "ఎంత మంచి ఆలోచన సిరిల్, అంత శ్రమ పడకు" అని చెప్పి వచ్చాను. పశువుకైనా అర్థమవుతుంది వద్దంటున్నానని.

నీ అన్న,
కెనెల్మ్

తా.క. కప్పు వచ్చింది. పేరు చెక్కడంలో తప్పు ఒక్కటీ లేదు. వెతికాను.

*

గ్రిమ్స్‌బీ
19 జూన్

ప్రియమైన అన్నయ్యకి,

బాబు పుట్టాడు. పదకొండో తేదీ, ఏడు పౌన్లు, తల్లీ పిల్లా క్షేమం. వాడి పేరు జాక్.

నెలల తరబడి నీకు వద్దు వద్దు అని రాస్తూనే ఉన్నాను, మనవాళ్లు వద్దనే పద్ధతిలో. నువ్వు పోకాక్‌కి వద్దన్న మాటలు చదివాక తెలిసింది, నీకు ఆ పద్ధతి రాక కాదని. నీకు వినాలని లేదు, అంతే. తప్పు నాది కూడా. నలభై మంది శాండ్‌విచ్‌ల దాకా రానిచ్చాను. అందుకని ఈసారి తిన్నగా రాస్తున్నాను. నాకు చేతకాదు, ఓర్చుకో.

ఆ 1951 సంగతి. నాన్న సమాధి దగ్గర నీతో "ఎంత మంచి ఆలోచన" అన్నది, నిజంగా ఒప్పుకునే అన్నాను. నా బతుకులో ఆ మాట నిజంగా అన్నది ఆ ఒక్కసారే. మార్చిలో నీకు రాసింది అబద్ధం. ట్రెవర్ ఇంట్లోనే పుట్టాడు. మా ఆయన రాన్ చేపల పడవ మీద ఐస్‌లాండ్ వైపు వెళ్లాడు. నేను మంచం దిగలేదు. కాగితం మీద కెనెల్మ్ అని నా చేత్తో రాసి, నమోదు చేయించమని అమ్మకిచ్చాను. పురుడు పోసింది తనే గనక తను చెప్పినా చెల్లుతుంది. అమ్మ గంటలో తిరిగొచ్చి, టోపీ తీసి, ట్రెవర్ అని రాయించానంది. నేను ఏడ్చాను. "వాడి తల నుంచి ఆ బకెట్ తీసింది నేను. ఈ ఇంటికి ఒక్క బకెట్ చాలు" అంది.

నీకు చెప్పొద్దని ఒట్టు వేయించుకుంది. ఆ పేరు నీకు పెట్టినందుకు తను గర్వపడుతుందని నువ్వు నమ్ముతున్నావట. ఆ నమ్మకం పోకూడదట. నువ్వు నన్ను తిట్టుకోవడమే నయమనిపించింది. క్రిస్మస్ కార్డులు మాత్రం కష్టంగా ఉండేవి.

ఇదంతా మొన్న జోయన్‌కి చెప్పాను. మర్నాడు తనే నమోదు ఆఫీసుకి వెళ్లి జాక్ కెనెల్మ్ అని రాయించింది. నడిమి పేరుగా, బళ్లో ఎవరి కంటా పడకుండా. పెద్దయ్యాక కావాలంటే వాడే బయటికి తీసుకుంటాడంది. అమ్మనీ నిన్నూ ఇద్దర్నీ కాదనకుండా ఇంతకంటే ఏం చెయ్యాలో దానికి తోచలేదు.

బాప్తిస్మం ఇక్కడే, జూలై పదిహేడునే. నువ్వు రావాలి. ఇది మర్యాదకి అంటున్నది కాదు.

మేవిస్

తా.క. కప్పు తెచ్చెయ్. వాడికి చదవడం రావడానికి ఇంకా అయిదేళ్లుంది.

*

హాడ్‌కోట్
4 జూలై

చెల్లీ,

నీ ఉత్తరం వచ్చి పదమూడు రోజులు. మొదటి పది రోజుల్లో నాలుగు జవాబులు రాసి పొయ్యిలో వేశాను. మొదటి మూడూ నీ మీద. నాలుగోది అమ్మ మీద మొదలుపెట్టి, ఒక వాక్యం కూడా పూర్తి చెయ్యలేకపోయాను.

తర్వాత గంటలూ ట్రాలీ వద్దని చెప్పడానికి పోకాక్ ఇంటికి వెళ్లాను. కొట్టంలో ట్రాలీ నిలబడి ఉంది. నీలం రంగు వేసి, చుట్టూ తెల్ల రిబ్బన్లు కట్టి, కూర్చోవడానికి గడ్డిమోపుల మీద వాళ్లావిడ దుప్పట్లు పరిచాడు. ఇదెవరు చెయ్యమన్నారని అడిగాను.

"ఎంత మంచి ఆలోచన అన్నావుగా" అన్నాడు.

"అంటే వద్దని."

"నాకు తెలుసు కెన్" అన్నాడు. "అదే మాట మీ చెల్లెలు రాసిందని పోస్టాఫీసులో అందరికీ చదివి వినిపించినప్పుడు నీకు తెలియలేదా?"

నేను గడ్డిమోపు మీద కూర్చున్నాను. మోకాళ్ల వల్ల. వాడు టీ తెచ్చాడు. ఎందుకు చెప్పానో తెలియదు, అమ్మ చేసింది మొత్తం చెప్పాను. నీ బకెట్ వల్ల మా వంశంలో పేరు పోయిందన్నాను. వాడు తన టీ తాగి కప్పు కింద పెట్టాడు.

అప్పుడు చెప్పాడు. ఆ రోజు బళ్లో నేను బల్ల ఎక్కి నా పేరుకి అర్థం అందరికీ ఉపన్యసించానట. ధైర్యం గల హెల్మెట్ కనక నా తలకి ఏమీ కాదన్నానట. ఎవరూ నమ్మకపోతే, పొయ్యి పక్క బకెట్ నేనే తెచ్చి, పోకాక్ చేతికిచ్చి, తలకి పెట్టి చీపురు కర్రతో కొట్టమని ఆజ్ఞాపించానట. వాడు పెట్టాడు. ఒకసారి, మెల్లిగా, కొట్టాడట. నేను ఏడ్చింది దెబ్బకి కాదట, అది ఊడి రానందుకు.

అదంతా అబద్ధమన్నాను. వాడు వాదించలేదు. "మరి ఆ మైలు దూరం నీ చెయ్యి పట్టుకుని నడిపించింది ఎవరనుకున్నావు?" అన్నాడు.

మేవిస్, ఆ చెయ్యి నాకు గుర్తుంది. చిన్నది, బొగ్గుమసితో గరుకుగా ఉంది. పెద్దవాళ్ల చెయ్యి కాదు. అరవై ఆరేళ్లుగా నేనా సంగతి గమనించలేదు.

సరే. నేను వస్తున్నాను. పదహారో తేదీ సాయంత్రం బండికి. పోకాక్ ట్రాలీ మీద స్టేషన్‌కి దింపుతానన్నాడు. కట్టిన రిబ్బన్లు వృథా పోకూడదట. మరుసటి రోజు మీరు అక్కడ బాప్తిస్మం ఇచ్చే వేళకి ఇక్కడ ఎనిమిది గంటలూ మోగుతాయి. గ్రిమ్స్‌బీకి వినపడవు, అయినా మోగుతాయి. పండుగ ఎలాగూ పండుగే గనక శాండ్‌విచ్‌లు ఊరు తింటుంది.

కప్పు తెస్తున్నాను. కెనెల్మ్ ముందు జాక్ చెక్కడానికి చోటు లేదని వెండి పనివాడు చెప్పాడు. నేను వాదించలేదు. అడుగున, చిన్న అక్షరాల్లో, జాక్ అని చెక్కించాను. పాలు పూర్తిగా తాగితేనే తెలుస్తుంది.

ఆ రాజకుమారి మీద వందల ఏళ్లు నింద మోపారు, పాపం ఏమీ తెలియకపోయినా. నేను నలభై మూడేళ్లే మోపాను. క్షమాపణ అనే మాట రాయడం నాకు అలవాటు లేదు. ఇది చదివి రాసినట్టే అనుకో.

నీ అన్న,
కెనెల్మ్

తా.క. నిన్ను ఇక అనను. అమ్మని అనలేను. కానీ మూడు రోజులు తిరగేసి ఆలోచించాను. తొమ్మిదేళ్లవాడు బుద్ధి లేక అడిగితే మాత్రం నిజంగానే పెట్టేస్తారా? ఎంత మంచి ఆలోచన అని ఊరుకోవచ్చు కదా. ట్రాలీ ఎక్కుతాను, వాడి టీ తాగుతాను, వాడి చెయ్యి పట్టుకునే దిగుతాను. అయినా ఈ మొత్తం వ్యవహారానికి నేను ఇప్పటికీ తప్పు పట్టేది ఒక్కణ్ణే: సిరిల్ పోకాక్.