నాలుగు వందల పదకొండు చావులు, ఒక మంగళం

బెంటన్‌విల్, సెప్టెంబరు 9

గౌరవనీయులైన సుమిరే నగాటా గారికి, రేణు నమస్కరించి రాయునది.

ఇక్కడి తెలుగు మహిళా బృందానికి నేను కార్యదర్శిని. పిల్లల ఆసుపత్రిలో పాటల గదికి విరాళాలు పోగుచేయడం కోసం నవంబరులో వచ్చి పాడమని మిమ్మల్ని అడిగాం. పాటల పట్టిక వచ్చింది కానీ, వస్తాననే మాట రాలేదు. మీరు రాకపోతే ఆ గది లేనట్టే.

పాతికేళ్ల కిందట, ఈ దేశం వచ్చిన కొత్తలో, షాంటిలీ అనే ఊళ్లో మా కాపురం. ఓ మధ్యాహ్నం వంటింటి రేడియోలో మీ గొంతు విన్నాను. భాష తెలియదు. మీ పాట అయ్యేసరికి స్టవ్ మీద బంగాళదుంపలు మాడిపోయాయి. మావారు అవే కలుపుకుని తిన్నారు. ఆ ఊళ్లో అప్పటికి నాకు తెలిసిన గొంతులు రెండే, ఆయనదీ మీదీ.

ఒక్క మనవి. మా వేదిక మీద మీరు చనిపోకూడదు.

ఇట్లు,
రేణు

తా.క.: నా ఉత్తరాలను ఇంగ్లీషులోకి మార్చేది మా అమ్మాయి నైనిక. ఆ చివరి వాక్యం చూసి "అమ్మా, కొంచెం సాఫ్ట్‌గా చెప్పవా?" అంది. దాచడమెందుకని అలాగే ఉంచమన్నాను.

పోర్ట్‌లాండ్, సెప్టెంబరు 17

ప్రియమైన రేణు గారికి,

మా వీధిలో మేపుల్ ఆకులు అంచుల్లో ఎర్రబడుతున్న వేళ మీ ఉత్తరం అందింది. మీ ఆందోళన సహజమే. నాకు డెబ్బై ఒకటి నిండాయి. డాక్టరు గారి పత్రం జతచేస్తున్నాను. గుండె బాగుంది, రక్తపోటు కాస్త ఎక్కువ. వచ్చేదీ లేనిదీ ఇంకా తేల్చుకోలేదు. వస్తే మాత్రం అక్కడ చనిపోయే ఉద్దేశం లేదు.

మీ
సుమిరే

తా.క.: వేదికకి మెట్లు ఎన్ని?

బెంటన్‌విల్, సెప్టెంబరు 25

గౌరవనీయులైన సుమిరే గారికి,

సిగ్గుతో రాస్తున్నాను. నేనన్నది పాటలో చావు గురించి. మీ పట్టిక ముందేసుకుని పెన్సిలుతో గుర్తులు పెట్టాను. ఆరు పాటల్లో ఐదుగురు పోతారు. ఇద్దరు క్షయతో, ఒకరు కత్తితో, ఒకరు విషంతో, ఒకరు గోడ మీంచి దూకి. ఆరో ఆవిడకి మతి పోతుంది.

ముందు వరుసలో కూర్చునేది ఆసుపత్రి పిల్లల తల్లులు. వాళ్ల ఎదుట ఎలాగండీ?

క్షమాపణలతో,
రేణు

తా.క.: మెట్లు నాలుగు. మీ పత్రం చూసి, మాకు హాలు బుక్ చేసిపెట్టే శ్యామ్‌సుందర్ అన్నయ్య "నా రిపోర్ట్ కంటే బెటర్‌గా ఉందమ్మా" అన్నారు.

పోర్ట్‌లాండ్, అక్టోబరు 4

ప్రియమైన రేణు గారికి,

వాన మొదలైంది, ఆకులు తడిసి మెట్లకి అంటుకుంటున్నాయి.

నా గొంతుకి బతికే పాత్రలు ఎవరూ రాయలేదు. మాటలన్నీ పాటలుగా పాడే మా ఒపెరా నాటకాల్లో చివరిదాకా బతికేది దాసీ. ఆవిడ పాడేది రెండే ముక్కలు: టీ తెచ్చానమ్మా, ఆయన వచ్చారమ్మా.

మొదటిసారి చనిపోయింది జర్మనీలో ఒక చిన్న ఊళ్లో. నాకు ఇరవై ఎనిమిది. తెర పడినా కదలకుండా పడుకున్నాను. తెర లాగే ముసలాయన వచ్చి నా కాలు తట్టి, "లే అమ్మాయ్, ఆఖరి రైలు వెళ్లిపోతుంది" అన్నాడు. ఆ తర్వాత నాది జపాను కదా అని, ఏ ఊరు వెళ్లినా మా దేశపు కిమోనో కట్టి, పొడుచుకోమని చేతికి అదే కత్తి ఇచ్చారు. రంగస్థలం మానేసేలోగా మొత్తం నాలుగు వందల పదకొండు చావులు. ఈ ఆరేళ్లుగా ఆసుపత్రి వార్డుల్లో, మంచాల పక్కన జోలపాటలే పాడుతున్నాను. వేదిక ఎక్కి చనిపోకుండా పాడటం నాకు చేతకాదేమో.

మీ
సుమిరే

తా.క.: అన్నేళ్లు కత్తి పట్టినా ఉల్లిపాయ తరగడం నేటికీ రాదు.

బెంటన్‌విల్, అక్టోబరు 12

గౌరవనీయులైన సుమిరే గారికి,

అంత తప్పకపోతే ఒక్కసారి చనిపోండి. కాని చివర మంగళం పాడాలి. అందరూ చల్లగా ఉండాలని కచేరీ ముగింపులో పాడే చిన్న పాట అది. చిన్నప్పుడు నాకు సంగీతం చెప్పిన రాజేశ్వరమ్మ టీచరు గారు ఎంత బరువైన పాట పాడినా, మంగళం పాడకుండా హార్మోనియం మూసేవారు కాదు. "విన్నవాళ్లని ఏడుపులో వదిలేసి ఇంటికి పంపకూడదే" అనేవారు.

నేనే పాడి రికార్డు చేసి పంపుతున్నాను. పెళ్లయ్యాక పాడటం ఇదే మొదలు, తప్పులుంటే మన్నించండి.

మీ మాట కోసం ఎదురుచూస్తూ,
రేణు

తా.క.: మంగళం మొదలవగానే మావాళ్లందరూ లేచి నిలబడతారు. ఎందుకో కూడా రాయమంది నైనిక. కాగితంలో చోటు లేదు.

పోర్ట్‌లాండ్, నవంబరు 20

ప్రియమైన రేణుకి,

చెట్లు పూర్తిగా బోడివయ్యాయి. నేను మాత్రం మీ ఊరి నుంచి నిండుగా తిరిగొచ్చాను. పాటల గదికి తలుపులు చేయిస్తున్నారని ఆసుపత్రి వాళ్లు రాశారు.

మంగళం ఎత్తుకోగానే మూడు వందల మంది ఒక్కసారి లేచారు. నా జీవితంలో ఏ సభా అంత త్వరగా లేవలేదు. కళ్లు తుడుచుకుని చూసేసరికి అందరి వీపులూ కనిపించాయి. సాంబారు వాసన నాకూ తగిలింది. మిగతా చరణం నా పక్కన గొంతు కలిపిన మీ మీద వదిలేసి దిగి, భోజనాల లైనులో శ్యామ్‌సుందర్ గారి వెనక నిలబడ్డాను. ఖాళీ హాల్లో మీరు చివరిదాకా పాడారు. మీ గొంతు బాగుంది, మళ్లీ ఆపకండి.

ఇక అసలు సంగతి. పట్టిక పంపింది నా మేనేజరు. మీ మొదటి ఉత్తరం వచ్చిన రోజున, రానని నేను రాసిన ఉత్తరం కవరులో పెట్టి అంటించి ఉంది. ఈ ఆరేళ్లలో నన్ను పిలిచినవాళ్లంతా ఆ కత్తి చావే పాడమన్నారు. చనిపోవద్దని అడిగింది మీరొక్కరే. కవరు చింపేశాను.

మీ
సుమిరే

తా.క.: లైనులో నా వెనక, ముందు వరుసలో కూర్చున్న తల్లుల్లో ఒకావిడ ఉంది. "పాటలో మీరు చనిపోయి పడిపోయినప్పుడు కళ్లు గట్టిగా మూసుకున్నానండీ. తెరిచేసరికి మీరు నిలబడి పాడుతున్నారు" అని, తన ప్లేటులోని గారె తీసి నా ప్లేటులో వేసింది.