పాల క్యానుతో ఎదురొచ్చే పని నుంచి విడుదల కోరుతూ

గ్లారస్ క్రీక్,
11 నవంబరు 1999.

శ్రీయుత ద్వారకానాథ్ గారి దివ్యసముఖమునకు,
రోడ్లు, కాలిబాటల ఆఫీసరు, షైర్ కౌన్సిల్.

అయ్యా,

విషయం: స్టేషన్ ర్యాంపు మీద ప్రతి ఉదయం నిండు పాల క్యానుతో జనానికి ఎదురొచ్చే విధి నుంచి నన్ను తప్పించుట, సదరు విషయమై తమ ఆఫీసు నాకిచ్చిన నోటీసు రద్దు చేయుట గురించి.

గ్లారస్ క్రీక్ నివాసి షేక్ ఆకిబ్, వయసు ఇరవై, చదువు పదో తరగతి (మధ్యలో మానేయడమైనది), సవినయంగా మనవి చేసుకొనునది ఏమనగా:

అర్జీలు ఇంగ్లీషులోనే తీసుకుంటామని తమ కౌంటర్లో ఆవిడ చెప్పింది. నా ఇంగ్లీషు క్రికెట్ ఆడేటప్పుడు బాగానే ఉంటుంది గానీ కాగితం మీద పెట్టేసరికి బిగుసుకుపోతుంది. తమరు తెనాలి వారని తెలిసి ధైర్యం చేశాను. ఈ అర్జీ భాష మా తాతది. ఆయన నరసరావుపేట తాలూకా ఆఫీసు మెట్ల మీద కూర్చుని ఊరందరికీ అర్జీలు రాసిపెట్టేవాడు. మధ్యలో ఎక్కడైనా మర్యాద జారితే అది మాత్రం నాది, మన్నించాలి.

1. గ్రామ పూర్వాపరాలు. సదరు గ్రామాన్ని నూరేళ్ళ కిందట స్విట్జర్లాండ్ నుంచి వచ్చిన కొన్ని కుటుంబాలవాళ్ళు, ఇక్కడి కొండలు చూసి అచ్చం మన ఊరే అనుకుని కట్టుకున్నారట. కొండల మీద మంచు పడదని చలికాలం వచ్చాక గానీ తెలియలేదు. అప్పటికే ఆవులు కొనేశారు కాబట్టి ఉండిపోయారు. చెక్క చూరులు, కిటికీల కింద పూలకుండీలు, ఆవుల మెడల్లో గుడి గంటలంతేసి గంటలు. ఇంటింటా చీజ్ చేసేవాళ్ళు. రైలు స్టేషన్ వచ్చింది కూడా పాల క్యాన్లు ఎక్కించడానికే, మనుషుల కోసం కాదు.

ఇప్పుడు చీజ్ ఫ్యాక్టరీని కోసి టౌన్‌హౌస్‌లు చేశారు. పాలు కాచే షెడ్డు కార్ పార్క్ అయింది. కంప్యూటర్లకి రెండు వేల సంవత్సరం అంటే అర్థం కాదట. వాటికి అర్థమయ్యేలా చెప్పడానికి మనవాళ్ళని విమానాల్లో పిలిపించారు. సిడ్నీలో అద్దెలు చూసి గుండె ఆగినవాళ్ళంతా ఈ ఊరు వచ్చి పడ్డారు. పొద్దున ఆరూ యాభై బండికి ఊరు ఊరంతా ఎక్కి వెళ్ళిపోతుంది, చీకటి పడ్డాక వస్తుంది. పగలు ఊళ్ళో మిగిలేది నేను, చివరి స్విస్ రైతు వెర్నర్ తాత, ఆయన ఆవులు, ఇంకొకావిడ. ఆవిడ సంగతి ఆరో అంశంలో మనవి చేస్తాను.

నేనెందుకు మిగిలానంటే, బడి మానేశానని మా నాన్నకి కోపం వచ్చి సిడ్నీ పక్కనున్న క్వేకర్స్ హిల్ నుంచి ఇక్కడ మా అక్క, రుక్సార్ ఆపా ఇంటికి పంపేశాడు. కాలు ఒకచోట నిలవని నన్ను, కాలు కదిపే పనే లేని ఊళ్ళో పెట్టారు. అందుకని వెర్నర్ తాత దగ్గర పాలు పితికే పనికి కుదిరాను.

2. సదరు ఆచారం ఎట్లా మొదలైందనగా: శ్రీపతి అంకుల్ ఈ ఊరికొచ్చిన మొదటి తెలుగాయన. బ్యాంకుల్లో పాత ప్రోగ్రాములు బాగుచేస్తాడు. మంచి ఎదురు లేకుండా గడప దాటడు. ఇక్కడ పొద్దున్నే ఎదురొచ్చేవి రెండే, కుక్కని నడిపించుకుంటూ ఒక దొర, చెత్త లారీ. రెండిటికీ ఫలితమేమిటో పంచాంగంలో రాయలేదు. అందుకని ఆయన వెర్నర్ తాతని బతిమాలి, బెర్తా అనే ఆవుని రోజూ ర్యాంపు మీద ఎదురు నడిపించే ఏర్పాటు చేశాడు.

"ఇది మీ దేవుడి పనా, రైల్వే పనా?" అని అడిగాడు వెర్నర్ తాత.

"రెండూ," అన్నాడు అంకుల్.

రెండు రోజులు సవ్యంగా జరిగింది. మూడో రోజు బెర్తా ఎదురు రావడం మానేసి అందరితో పాటు తిరిగి ప్లాట్‌ఫారం మీదకి నడిచింది. తలుపు తెరుచుకోగానే ముందు రెండు కాళ్ళు బండిలో పెట్టింది. ఎక్కదు, దిగదు. బండి ఎంతసేపు ఆగిందో తమ ఆఫీసు రికార్డులో ఉంటుంది. ఆ వారమే తమరు ర్యాంపు మొదట్లో ఆవు బొమ్మ గీసి దాని మీద ఎర్ర గీత కొట్టిన బోర్డు పెట్టించారు. మనవాళ్ళు ఒక్కరూ మారు మాట్లాడలేదు. "గవర్నమెంటు వద్దన్నాక మనమేం చేస్తాం" అన్నాడు శ్రీపతి అంకుల్. ఈ మాట తమరు దయచేసి గుర్తుంచుకోవాలి. నా అర్జీ మొత్తం దీని మీదే నిలబడింది.

3. ఆవు స్థానంలో నన్ను నియమించిన వైనం. బోర్డు పెట్టిన మర్నాడు నేను పట్టాల అవతలున్న వెర్నర్ తాత పొలం నుంచి నిండు పాల క్యాను మోసుకుంటూ మామూలుగా ర్యాంపు ఎక్కి వస్తున్నాను. శ్రీపతి అంకుల్ దిగుతున్నాడు. "గుడ్ మార్నింగ్ అంకుల్" అన్నాను. నా వైపు నుంచి జరిగింది అంతే. ఆ మధ్యాహ్నం ఆయన కాంట్రాక్టు ఆర్నెల్లు పొడిగించారు.

సాయంత్రం స్వీటు డబ్బా పట్టుకుని మా ఇంటికొచ్చాడు.

"ఒరే ఆకిబ్, రేపు కూడా అదే టైముకి రా. అదే చొక్కా వేసుకో."

"అది ఉతకడానికి వేశారంకుల్."

"ఉతకొద్దు!"

మా బావ అర్సలాన్ కూడా కంప్యూటర్ల మనిషే. అప్పుడు పక్కనుండి నవ్వాడు. "మనింట్లో ఈ ఎదుర్లు, శకునాలు ఎప్పుడున్నాయి రా?" అన్నాడు. తన కాంట్రాక్టు దగ్గర పడ్డాక ఒకరోజు చెవి దగ్గర, "నమ్మకమని కాదు. ఎట్లాగూ నడుస్తావుగా, కాస్త నాకేసి చూసి నడువు," అన్నాడు.

అట్లా ఒకరి తర్వాత ఒకరు. డిసెంబరు దాటాక ఉద్యోగాలు ఉంటాయో ఊడతాయో ఎవరికీ తెలియదు. కంప్యూటర్ల సంగతి వాళ్ళకి ఎంత ఎక్కువ తెలిస్తే నా మీద నమ్మకం అంత పెరిగింది. క్యానులో పాలుండాలా నీళ్ళుండాలా అని ప్లాట్‌ఫారం మీద రెండు పార్టీలయ్యాయి. ఆలస్యంగా వచ్చినవాళ్ళు, "మాకు నీ వీపే కనపడింది, కిందికి దిగి మళ్ళీ రా" అంటారు. నేను మళ్ళీ దిగుతాను. దిగేటప్పుడు పైనున్నవాళ్ళకి వీపు కనపడకుండా వెనక్కి నడుస్తాను. నిండు క్యానుతో ర్యాంపు మీద వెనక్కి నడవడం ఎట్లా ఉంటుందో తమరు రోడ్ల ఆఫీసరు కాబట్టి ఊహించగలరు. ఇప్పుడు ఒక చైనా అమ్మాయి, అకౌంట్స్ చేసే దొర ఒకాయన కూడా నా కోసం ఆగుతున్నారు. ఆ దొర పేరు నాకు తెలియదు. నా భుజం తట్టి "చీర్స్ మేట్" అని పోతాడు.

4. తమ నోటీసు. "రద్దీ వేళలో ఒక యువకుడు పాత్రతో అడ్డదిడ్డంగా తిరుగుతూ పాదచారులకి ఆటంకం కలిగిస్తున్నాడు, మళ్ళీ కనపడితే కేసు పెట్టబడును" అని అందులో ఉందని మా ఆపా చదివి చెప్పింది. ఆటంకం వాస్తవమే. అయితే ఆటంకానికి గురైనవాళ్ళే దాన్ని బతిమాలి తెప్పించుకుంటున్నారని మనవి.

5. అసలు కష్టం. అయ్యా, నాకు సోమవారం ఇంటర్వ్యూ ఉంది. రైలు గార్డు ట్రైనింగుకి. సిడ్నీలో, పొద్దున తొమ్మిదింటికి.

ఊళ్ళో అందరూ ఎక్కే బండిని నేనొక్కడినే రోజూ చూస్తాను, ఎక్కను. తలుపులు మూసుకున్నాక గార్డు వెనక పెట్టెలోంచి తల బయట పెట్టి, అటూ ఇటూ చూసి, విజిల్ వేస్తాడు. అంతమందిని తీసుకెళ్ళే మనిషికి ఆఫీసు ఉండదు, కుర్చీ ఉండదు, పోతూనే ఉంటాడు. నాకు సరిపోయే పని ఈ భూమ్మీద ఇదొక్కటే అనిపించింది. అప్లికేషన్ నేనే నింపాను, మూడుసార్లు చింపి.

ఆ ఇంటర్వ్యూకి అందాలంటే ఆరూ యాభై బండే ఎక్కాలి. పోయిన ఆదివారం శ్రీపతి అంకుల్ పెరట్లో చికెన్ కాల్చుకునే బార్బీ విందు పెట్టుకుంటే ఈ సంగతి చెప్పాను. అందరి చేతుల్లో ప్లేట్లు ఆగిపోయాయి.

"సోమవారమా? సోమవారం నా రెన్యూవల్ రా!" అన్నాడు అంకుల్. "నువ్వు బండెక్కితే ఎదురెవరొస్తారు?"

"ఎదురొచ్చి, వెంటనే వెనక్కి పరిగెత్తి ఎక్కేస్తాడులే," అన్నాడు మా బావ.

"ఎదురొచ్చినవాడు వెనక్కి తిరిగితే ఇంకేమన్నా ఉందా? బెర్తా తిరిగిన రోజు ఏమైందో మర్చిపోయావా?"

"ఇంటర్వ్యూ మంగళవారానికి మార్చమని అడగరా," అంది శ్యామసుందరి ఆంటీ, అంకుల్ వాళ్ళావిడ.

"ఆంటీ, అది గవర్నమెంటు రైల్వే. నేనేమన్నా మంత్రినా?"

"మరి మంగళవారం నాది కదా," అన్నాడు మా బావ మెల్లగా.

చివరికి శ్రీపతి అంకుల్ చికెన్ ముక్క నా వైపు చూపిస్తూ తీర్పు చెప్పాడు. "నీ మాట మీద మేము మానం. ఆవుకి వచ్చినట్టు నీకూ కౌన్సిల్ నుంచి ఆర్డరు తీసుకురా. అప్పుడు చూద్దాం."

అందుకే వచ్చాను.

6. సదరు ఆచారంలో నష్టపోతున్న రెండో మనిషి. శ్రీపతి అంకుల్ వాళ్ళ అత్తగారు సుగుణ ఆంటీ, తాడేపల్లిగూడెం నుంచి కూతురి దగ్గరికి వచ్చి ఉంటోంది. వాళ్ళాయన పోయి చాలా కాలమైంది. ఆమెకి షుగరు. పొద్దున్నే నడవమని డాక్టరు చెప్పాడు. కానీ ఆరూ యాభై బండి కదిలేదాకా ఆమె గడప దాటకూడదు. ఎవరూ నోరు తెరిచి చెప్పలేదు, చెప్పాల్సిన పనీ లేదు, ఆమెకే తెలుసు. వంటింటి కిటికీ తెర వెనక నిలబడి కాఫీ తాగుతూ ఉంటుంది. ఊరి వాళ్ళకి ఎదురు రావడం నా డ్యూటీ, ఎదురు రాకపోవడం ఆమె డ్యూటీ. నాకు నోటీసైనా ఇచ్చారు, ఆమెకి అదీ లేదు.

బండి వెళ్ళాక నేను వాళ్ళింట్లో పాలు పోయడానికి వెళ్తే తలుపు తీసి, "అయిందా నీ ఊరేగింపు?" అంటుంది.

నిన్న ఆమెనే అడిగాను. "ఆంటీ, సోమవారం నేను బండెక్కితే నాకెవరూ ఎదురు రారు. మీరు రండి."

"నీకేమన్నా పిచ్చా? నా మొహం చూసి వెళ్తే వచ్చే ఉద్యోగం కూడా రాదు."

"మీ మొహం రోజూ చూస్తూనే ఉన్నాగా. నాకేమైంది?"

"ఏమైందా? చదువు లేదు, ఉద్యోగం లేదు, మాసిన చొక్కాతో పాలు మోస్తున్నావు. ఇంకా ఏం కావాలి?"

అని నవ్వింది. ఇద్దరం చాలాసేపు నవ్వాం. తర్వాత ఆమె గిన్నె తీసుకుని మళ్ళీ ఆ కిటికీ తెర వెనక్కి పోయింది. నాకు ఆ పోవడం బాగోలేదు.

7. కావున తమరు దయయుంచి:

అ) బెర్తాకు వర్తించిన నిబంధనే నాకూ వర్తింపజేస్తూ, ర్యాంపు మీద నేను ఎదురు రాకూడదని ఆర్డరు ఇప్పించవలెను. బోర్డు మీద నా బొమ్మ గీసినా అభ్యంతరం లేదు. ఆవు పక్కనే వేయండి, చోటుంది.

ఆ) నా మీద కేసు లేకుండా నోటీసు రద్దు చేయవలెను. గార్డు పనికి పోలీసు రికార్డు చూస్తారట.

ఇ) పై రెండూ శుక్రవారం సాయంత్రం లోపల జరగవలెను. సోమవారం అయ్యాక ఇస్తే అది ఆర్డరు కాదు, ఓదార్పు.

ఇంతకు మించి రాయడం మర్యాద కాదు. తమ చల్లని చూపు ఈ కాగితం మీద ఒక్కసారి పడేలా చిత్తగించవలెను.

తమ విధేయుడు,
షేక్ ఆకిబ్
(ప్రస్తుతం పాల క్యాను)

తాజా కలం: అర్జీ మడిచి కవర్లో పెట్టాక సుగుణ ఆంటీ మా ఇంటికొచ్చింది. పట్టపగలు, రోడ్డు మీద నడుచుకుంటూ. గుమ్మంలోనే నిలబడి, "ఎన్నింటికి రావాలి?" అంది.

"ఆరున్నరకల్లా ర్యాంపు దగ్గరుంటే చాలాంటీ."

"అల్లుడు చూస్తాడు."

"చూడనీయండి."

"క్యాను నేను మోయలేను, చెప్తున్నా."

"వద్దాంటీ. ఊరికే నడవండి. డాక్టరు కూడా అదేగా చెప్పింది."

"నీకు ఉద్యోగం రాకపోతే?"

 ఆ ప్రశ్న కోసమే కవరు విప్పి ఇది రాస్తున్నాను. సోమవారం ఉదయం పచ్చంచు తెల్ల చీర కట్టుకుని, మనవరాలి స్పోర్ట్స్ బూట్లు వేసుకున్న పెద్దావిడ ఒకరు ర్యాంపు ఎక్కి వస్తుంటారు. ఎడమ పక్కనే నడుస్తారు. ఆమెకి నోటీసు ఇవ్వకండి. నాకు ఉద్యోగం వస్తే ఎవరి ఎదురు వల్ల వచ్చిందో శ్రీపతి అంకుల్‌కి నేనే ప్లాట్‌ఫారం మీద విజిల్ వేసి మరీ చెప్తాను. రాకపోతే మాత్రం, అయ్యా, అది నా ఇంగ్లీషు వల్లే రాలేదని తమ ఆఫీసు స్టాంపు వేసి ఒక కాగితం ఇప్పించండి. ఆమెకి చూపించాలి.