చెరువులో పడ్డ చుక్క

జీవవైవిధ్య వేదిక పెద్దలకు,

నమస్కారం పెట్టే ఓపిక లేదు. అయినా పెడుతున్నాను.

నేను కలప గోదాములో ఫోర్క్‌లిఫ్ట్ నడుపుతాను. కాలేజీ గడప తొక్కలేదు. పురుగుల గురించి నాకు తెలిసిందంతా మీ యాప్ చూసి నేర్చుకున్నదే. మంగళవారం పదకొండింటికి వెనక షెడ్డులో ఒక దుంగ మీద రాగిరంగు పెంకుపురుగు కనిపిస్తే ఫొటో తీసి పంపాను. మీవాళ్లు 'అరుదైనది' అని మొదటి పేజీలో వేశారు. సంబరపడి క్యాంటీనంతా తిప్పి చూపించాను. అక్కడే కొంప మునిగింది. మీ మ్యాపులో ఫొటో తీసిన చోటు చూపే నా చుక్క గోదాము మీద లేదు. ఎక్కడో చెరువు నడిమధ్యలో ఉంది!

మా సూపర్‌వైజరు మా అమ్మకు స్వయానా తమ్ముడు. "డ్యూటీ టైములో పడవ షికారా అల్లుడూ?" అని మెమో చేతిలో పెట్టాడు. ఫొటోలో చెక్క తప్ప ఏమీ లేదు. చెక్క చెరువు దగ్గరా ఉంటుందట. చుక్క జరపండి. ఇవాళే.

ఇట్లు, మండిపోతున్న
గోదాము చిటపట (మీ యాప్‌లో నా పేరు అదే)

తా.క.: 'ఈ జీవి పెంచుకున్నదా, తనంతట వచ్చిందా?' అని మీ యాప్ అడుగుతుంది. మా క్యాంటీను బొద్దింకలకు ఏది నొక్కాలి? మేనేజ్‌మెంటు వాటిని మాకంటే బాగా చూసుకుంటుంది.

*

చిటపట గారికి, నమస్తే.

ఆ పురుగును ఈ పాతికేళ్లలో ప్రాణంతో చూసింది మీరొక్కరే. దానికోసం నేను వల భుజాన వేసుకుని పన్నెండేళ్లు తిరిగాను. జ్వరాలు వచ్చాయి, డాక్టరేటు వచ్చింది, పురుగు మాత్రం రాలేదు. ఇప్పుడు ఈ వేదిక నడుపుతూ, జనం పంపే ఫొటోల్లో ఏది పురుగో ఏది చొక్కా గుండీయో తేలుస్తున్నాను.

చుక్క సంగతి. అరుదైన జీవుల అసలు చోటు మేము చూపించం. యంత్రమే చుక్కను ఎటో దూరంగా విసిరేస్తుంది. చోటు తెలిస్తే, పట్టుకుని అమ్ముకునేవాళ్లు వాలిపోతారు. ఒక కొండవాలు ఆచూకీ పత్రికలో వచ్చిన మరుసటి ఏడు, అక్కడ పూలమొక్కల బదులు గుంతలు చూశాను. కనుక చుక్క జరపలేం. మీ కృషికి గుర్తింపుగా ప్రశంసాపత్రం జతచేస్తున్నాను. మీ పై అధికారికి చూపించండి.

శుభాకాంక్షలతో,
సంచాలకురాలు

తా.క.: బొద్దింకలకు 'తనంతట వచ్చింది' నొక్కండి.

*

మేడమ్ గారికి,

చూపించాను. అందులో ఏముందో మీరు చదివారా? "మంగళవారం ఉదయం పదకొండు గంటలకు చెరువు ప్రాంతంలో చేసిన విశేష కృషికి." కింద సంతకం మీదే! మామయ్య దాన్ని భద్రంగా నా ఫైల్లో పెట్టాడు. మెమో కాస్తా సస్పెన్షన్ అయింది. వచ్చే వారం విచారణ. అందులో నా తప్పు లేదని తేలకపోతే ఉద్యోగం ఊడుతుంది.

ఇంట్లో అమ్మ ఒకటే పోరు. "పడవలో పక్కన ఎవరు కూర్చున్నార్రా?" అంటుంది. పురుగు అన్నాను. "ముద్దుపేరు సరే, అసలు పేరేంటి?" అంది.

పోనీ నా అసలు చోటు చూపిద్దామని యాప్ తెరిస్తే, 'ఈ వివరం చూసే అర్హత మీకు లేదు' అంటోంది. నేనెక్కడున్నానో తెలుసుకునే అర్హత నాకు లేదా? నేను గోదాములోనే ఉన్నానని మామయ్యకు ఒక్క ముక్క రాయండి.

ఇట్లు, పని లేని
చిటపట

తా.క.: నాకు ఈత రాదు. చెరువు మధ్యలో పడేసేముందు ఒక్క మాట అడగాల్సింది.

*

చిటపట గారికి, నమస్తే.

ప్రశంసాపత్రాల యంత్రం మ్యాపును చూసి చోటు వేసుకుంటుందని మాకు తట్టలేదు. చింతిస్తున్నాను.

పంపినవారికి సైతం చోటు చూపకూడదన్న నియమం నేను పెట్టిందే. ఫోను చూపించి చోటు అమ్ముకున్నవాళ్లు ఉన్నారు. మీరు అలాంటివారని కాదు. కాదనడానికి నా దగ్గర ఆధారమూ లేదు.

మీ మామయ్య గారికి నిన్ననే రాశాను: "ఆ ఉద్యోగి ఆ సమయంలో గోదాములో ఉన్నారని గానీ, లేరని గానీ మేము చెప్పలేము. అతని ఓర్పు మెచ్చదగినది." ఉపయోగపడుతుందని ఆశిస్తాను.

శుభాకాంక్షలతో,
సంచాలకురాలు

తా.క.: ఆ పురుగు రెండో చోట కనబడితే, అది అరుదైన జాబితా నుంచి పోతుంది. చుక్కలు వాటంతట అవే అసలు చోట్లకు వెళతాయి. ఒకటి దాటితే అరుదు కాదని మా సంఘం అభిప్రాయం. నేను ఒప్పుకోలేదు, ఓడిపోయాను. ఏమైనా మీరు ఆశ పెట్టుకోవద్దు.

*

మేడమ్ గారికి,

ఉపయోగపడింది. మామయ్యకి. "చదువుకున్నావిడ, నువ్వు లేవని ఎంత మర్యాదగా చెప్పిందో చూడు అల్లుడూ" అన్నాడు. ఓర్పు ముక్క చదివి అమ్మ కూడా నవ్వింది.

ఇంకా వినండి. సాక్షుల కోసం మామయ్య శుక్రవారం చెరువుకు పోయాడు. పడవలవాళ్లకు నా ఫొటో చూపిస్తే ఎవరూ ఎరగమన్నారు. తిరిగొస్తుంటే, గట్టు మీద ఎండుచెట్టు మొదట్లో అదే పురుగు! ఫొటో తీసి మీ యాప్‌లోనే పెట్టాడు, నేను పురుగును అక్కడే చూశానని రుజువట. తనకు పేరు కూడా పెట్టుకున్నాడు, 'క్రమశిక్షణ' అని. అప్పట్నుంచీ ఏదో ఒక వంకన రోజూ పోయి ఫొటోలు పెడుతున్నాడు.

ఎల్లుండి విచారణ. యజమాని వస్తాడు. నాకు ఇంక దారి చూపించకండి, చూపించినవి చాలు.

ఇట్లు,
చిటపట

తా.క.: ఒక్కటి మాత్రం చేయండి. క్రమశిక్షణ గారికీ ఒక ప్రశంసాపత్రం పంపండి. నాకు పంపినట్టే, యంత్రం వేసింది వేసినట్టు.

*

చిటపట గారికి, నమస్తే.

ఆ ఫొటో చాలాసార్లు చూశాను. గుండీ కాదు. ఆ ఎండుచెట్టు మొదట్లో కూర్చుని నేను ఎన్నో మధ్యాహ్నాలు డబ్బా విప్పుకుని అన్నం తిన్నాను. నా వెనక్కి తిరిగి చూడలేదనుకుంటాను.

క్రమశిక్షణ గారి ప్రశంసాపత్రం మనిషితో పంపాను, విచారణ వేళకు అందుతుంది. యంత్రం ఏ చోటు వేసిందో నేను చదవలేదు. ఇది ఎవరికీ సాయం చేసినట్టు కాదు.

శుభాకాంక్షలతో,
సంచాలకురాలు

తా.క.: రెండో చోటు దొరికింది కనుక సంఘం సోమవారం కూర్చుంటోంది. ఈసారి కూడా ఓడిపోతాను.

*

మేడమ్ గారికి, ఈసారి మనసారా నమస్కారం.

విచారణలో మామయ్య లేచి, "చెరువు గట్టు మీద నేనే కళ్లారా చూశానండీ, ఇదిగో" అని మీ కాగితం యజమాని చేతిలో పెట్టాడు. చదవకుండానే. యజమాని పైకి చదివాడు: "శుక్రవారం ఉదయం పది గంటలకు కలప గోదాము ప్రాంతంలో..." మ్యాపు తెరిస్తే చుక్క సరిగ్గా మా ఆఫీసు గది మీద ఉంది.

"ఇది నిజమైతే నువ్వు చెరువుకు పోలేదు. అబద్ధమైతే వీడూ పోలేదు. ఏదో ఒకటి తేల్చు" అన్నాడు యజమాని.

మామయ్య మీసం దువ్వుకుని, "యంత్రానిదే తప్పండీ" అన్నాడు. నా సస్పెన్షన్ అక్కడే రద్దయింది.

సోమవారం మీరు ఓడిపోయారని మ్యాపు చూసి తెలుసుకున్నాను. నా చుక్క వెనక షెడ్డు మీదికి వచ్చింది. మామయ్య చుక్కలన్నీ చెరువు గట్టు మీద బారులు తీరాయి, అన్నీ డ్యూటీ టైమువే. మెమో ఇప్పుడు ఆయన చేతిలో ఉంది. అమ్మ తమ్ముణ్ణి కూర్చోబెట్టి అడుగుతోంది, "పడవలో పక్కన ఎవర్రా?" అని.

ఇక అసలు సంగతి. నిన్న సీసాలు పట్టుకుని ఇద్దరు గేటు దగ్గరికొచ్చారు. వెనక షెడ్డు ఎటు అని అడిగారు. ఫోర్క్‌లిఫ్ట్ తలుపుకు అడ్డం పెట్టి, తాళంచెవి జేబులో వేసుకుని నిలబడ్డాను. చెరువు దగ్గరికి ముగ్గురు వచ్చారట. మామయ్య కర్ర పుచ్చుకుని సెలవు పెట్టి అక్కడే ఉన్నాడు. ఆ పురుగు మళ్లీ బయటికొచ్చింది మేడమ్, అదే దుంగ మీద. మీరు వెంటనే బయల్దేరి రండి. వల తేకండి.

వచ్చేముందు మీ సంఘంతో మళ్లీ పోట్లాడండి. నా పేరు వాడుకోండి, తిట్లు కావాలంటే రాసిస్తాను. నా చుక్కను తీసుకెళ్లి మళ్లీ చెరువులో పడేయండి.

ఇట్లు, మీ
చిటపట

తా.క.: ఈత నేర్చుకుంటున్నాను.