కెమెరా కోసం వెనక్కి

12 ఫిబ్రవరి 2000, హోబార్ట్, ఆస్ట్రేలియా

ఇవాళ ఖాదర్ ఎడిట్ రూముకి వచ్చాడు. కుడిచేతికి కట్టు. మూడు వేళ్లు లేవు, మంచుకు చచ్చుబడితే తీసేశారు.

అతను అంటార్కిటికాలో ఒంటరిగా నడుస్తూ తనని తానే తీసుకున్న డాక్యుమెంటరీకి డైరెక్టర్ని నేను. దూరంగా నడిచిపోయే ఒక్క షాటుకి కెమెరా నిలబెట్టాలి, గ్లవ్ తీసి బటన్ నొక్కాలి, అంతదూరం పోయి, మళ్లీ కెమెరా కోసం వెనక్కి రావాలి. నాకు తెలుసు. తెలిసే, డిసెంబర్ ముప్ఫై ఒకటిన రెండువేల సంవత్సరం రాగానే ఆగిపోతాయేమోనని మా ఆయన ఆఫీసులో కంప్యూటర్లకు కాపలా కాస్తుంటే, నేను వెచ్చగా ఇంట్లో కూర్చుని శాటిలైట్ ఫోనులో చెప్పాను.

"ఆ షాట్ ఇంకొక్కసారి తియ్యి ఖాదర్."

"గాలి శానా ఉందక్కా."

"ఒక్కసారే."

ఆ టేపు మొన్న చూశాను. లెన్సు మీద మంచు పేరుకుపోయింది. మొదటినుంచి చివరిదాకా తెలుపే. ఆఖర్న మాత్రం, అతను చేతిమీద ఊదుకుంటున్న చప్పుడు.

ఇవాళ ఎడమచేత్తో టీ తాగుతూ అడిగాడు. "ఆ షాట్ ఎట్లొచ్చిందక్కా? ఎండింగ్‌కి పెడదామా?"

"చాలా బాగా వచ్చింది" అన్నాను. ఎందుకన్నానో!

సోమవారం భార్యను కూడా తీసుకొస్తాడట, ఆ షాట్ చూపించడానికి.